అమీర్ హంజా కథ: విన్నవాళ్లూ చదివినవాళ్లూ

1847లో అచ్చయిన 'ఆసార్-ఉస్-సనాదీద్' ఢిల్లీ కట్టడాల చరిత్ర. రచయిత సయ్యద్ అహ్మద్ ఖాన్ జామా మసీదు దగ్గరికి వచ్చేసరికి గుమ్మటాలతో ఆగలేదు, మెట్లమీది జనాన్ని కూడా లెక్కలోకి తీసుకున్నాడు. ఉత్తరపు మెట్లమీద సాయంత్రం పూట ఒక కథకుడు రెల్లుపీట వేసుకుని అమీర్ హంజా కథ ఎత్తుకుంటాడనీ, ఒక పక్క హాతింతాయి కథ, ఇంకోచోట బోస్తాన్-ఎ-ఖయాల్ అనే మరో కథ నడుస్తుంటాయనీ, వందలమంది చేరి వింటారనీ రాశాడు. ఆ వందలమందిలో చదువొచ్చినవాళ్లు ఎందరో, రానివాళ్లు ఎందరో ఆయన చెప్పలేదు. చెప్పవలసిన పని కూడా లేదు. మెట్లమీద కూర్చున్నవాడికి అక్షరం అక్కర్లేదు.

ప్రేమ, సాహసం, వీరం కలిసిన కథలు మన దేశంలో కొల్లలు. కానీ ఇన్ని రకాల మనుషుల చేతుల్లో పడి, పడ్డచోటల్లా కొత్త ఒళ్లు చేసుకుని, చివరికి 46 సంపుటాలుగా అచ్చయిన కథ హంజాదొక్కటే. దాని చరిత్రలో రచయితల వరస కంటే వినేవాళ్ల వరస ముఖ్యమని నాకు అనిపిస్తుంది. వినేవాడు మారినప్పుడల్లా కథ మారింది.

చరిత్రలోని హంజా ప్రవక్త మహమ్మదుకు పినతండ్రి, 625లో ఉహుద్ యుద్ధంలో మరణించిన వీరుడు. కథలోని హంజాకు ఆ యుద్ధం తుదిమజిలీ మాత్రమే. అంతకుముందున్న ప్రపంచమంతా పారశీక కథకుల కల్పన. మక్కా పెద్ద ఇంట హంజా పుట్టిన రోజునే ఒక ఒంటెలవాడి ఇంట అమర్ పుడతాడు. హంజా బలశాలి, మాట తప్పనివాడు. అమర్ బక్కపలచని మాయగాడు, పిసినారి, పరుగులో గాలిని మించినవాడు. ఎంత వేసినా నిండని మాయసంచి అతని భుజాన ఉంటుంది. ఊళ్లకు ఊళ్లే అందులో పట్టిపోతాయి. ఇరాన్ చక్రవర్తి నౌషేర్వాన్ కూతురు మెహర్‌నిగార్‌ను హంజా ప్రేమిస్తాడు. పిల్లనివ్వడం ఇష్టంలేని మామ అతణ్ని సింహళానికి, లంధౌర్ అనే మహాకాయుడి మీదికి పంపుతాడు. ఓడిన లంధౌర్ ప్రాణస్నేహితుడవుతాడు. తరవాత కాఫ్ పర్వతంలో గంధర్వరాజుకు సాయం చేయాలని పిలుపొస్తుంది. 18 రోజుల్లో వస్తానని వెళ్లిన హంజా అక్కడ గంధర్వకన్య ఆస్మాన్ పరీని పెళ్లాడి, 18 ఏళ్లు ఇరుక్కుపోతాడు. ఆ 18 ఏళ్లూ మెహర్‌నిగార్‌ను కోట నుంచి కోటకు దాటిస్తూ శత్రువుల చేతికి చిక్కకుండా కాపాడింది అమరే. కథ పేరు హంజాదే అయినా, బరువు మోసింది ఒంటెలవాడి కొడుకు. విన్న జనానికి ఆ సంగతి తెలియకపోలేదు.

ఈ కథ మన దేశంలో ఎక్కిన మొదటి పెద్ద మెట్టు అక్బరు దర్బారు. చదవడం రాని ఆ చక్రవర్తికి హంజా కథంటే పిచ్చి. 1564 ప్రాంతంలో నర్వర్ అడవుల్లో ఏనుగుల వేట సాగినప్పుడు కూడా దర్బార్ ఖాన్ అనే కథకుడు వెంట ఉండి హంజా కథ వినిపించాడని అక్బరు చరిత్రకారుడు అబుల్ ఫజల్ రాశాడు. ఆ ఇష్టం నుంచి పుట్టిందే హంజానామా. మీర్ సయ్యద్ అలీ, తరవాత అబ్దుస్సమద్ పెత్తనంలో ఎందరో చిత్రకారులు సుమారు 15 ఏళ్లు పనిచేసి, నూలుబట్ట మీద దాదాపు 1,400 బొమ్మలు వేశారు. ఒక్కో బొమ్మ ఇంచుమించు 68 సెంటీమీటర్ల ఎత్తు, 52 సెంటీమీటర్ల వెడల్పు. చేతిలో పట్టుకుని ఒంటరిగా చదువుకునే పుస్తకం కొలతలు కావివి. కథాభాగం చాలావరకు బొమ్మ వెనక రాసి ఉంటుంది. బొమ్మను సభకు చూపిస్తూ వెనక నుంచి చదివేవారని పలువురు పండితుల అభిప్రాయం. తోలుబొమ్మలాట చూసి పెరిగిన మనకు ఇందులో వింతేమీ కనిపించదు. అక్షరం రాని ప్రభువు కోసం తయారైన మహాగ్రంథం అది.

వాటిలో ఈనాటికి మిగిలినవి 200 లోపే. 61 వియన్నాలో ఉన్నాయి. 1881లో కాస్పర్ పర్డన్ క్లార్క్ అనే ఆంగ్లేయుడు లండన్ మ్యూజియం కోసం వస్తువులు కొంటూ శ్రీనగర్ వెళితే, ఒక పాత సామాన్ల కొట్టులో కొన్ని బొమ్మలు దొరికాయి. చలిగాలికి అడ్డంగా కిటికీలకు బిగించి ఉన్నాయట. అక్బరు చిత్రశాల గొప్పదనం తెలిసినవాళ్లకు ఇది గుండె కలుక్కుమనే మాటే. కొట్టువాడి వైపు నుంచి చూస్తే మంచి దళసరి బట్ట.

దక్కనులోనూ హంజాకు ఆదరం ఉండేది. పదిహేడో శతాబ్దంలో హమదాన్ నుంచి హైదరాబాదు చేరిన హాజీ కిస్సాఖ్వాన్ అనే కథకుడు, గోల్కొండ సుల్తాన్ అబ్దుల్లా కుతుబ్‌షా ఆస్థానం కోసం 'జుబ్దత్-ఉర్-రుమూజ్' పేరుతో పారశీకంలో హంజా కథ కూర్చాడు. అతని పేరులోనే వృత్తి ఉంది. మూసీ ఒడ్డున కొత్తగా వెలసిన నగరంలో కథ చెప్పుకుని బతకడానికి ఇరాన్ నుంచి ఒక మనిషి బయలుదేరి రావడం ఆనాటి దర్బారుల రుచిని చెబుతుంది.

తరవాతి మజిలీ ఎవరూ ఊహించని చోట. 1801లో కలకత్తా ఫోర్ట్ విలియం కళాశాలలో ఖలీల్ అలీఖాన్ అష్క్ హంజా కథను ఉర్దూలో రాశాడు. ఎవరికోసం? ఈస్టిండియా కంపెనీలో చేరి కొత్తగా ఓడ దిగిన తెల్ల కుర్రాళ్లకోసం. వాళ్లకు దేశభాష నేర్పాలి, వాచకాలు లేవు, కళాశాల ఆచార్యుడు గిల్‌క్రిస్టు మున్షీలను పెట్టి కథలు రాయించాడు. మనవాళ్లు సినిమాగా ఎరిగిన గులేబకావళి కూడా ఈ కళాశాలలోనే నిహాల్‌చంద్ లాహోరీ చేతిమీదుగా ఉర్దూ వచనంలోకి వచ్చింది. 1962లో రామారావు నటించిన 'గులేబకావళి కథ' చూసి మురిసిన ప్రేక్షకుల్లో, ఆ పువ్వు ఒకప్పుడు కంపెనీ ఉద్యోగుల పాఠ్యపుస్తకంలో పూసిందని ఎరిగినవాళ్లు తక్కువే అయి ఉంటారు. అష్క్ తన కథకు పెద్దరికం తేవాలని, ఇది గజనీ మహమూదు కోసం పూర్వం పండితులు కూర్చిందని పీఠికలో చెప్పుకున్నాడు. తరవాతి వాళ్లు అక్బరు ఆస్థానకవి ఫైజీ పేరు వాడుకున్నారు. రెండూ కల్పనలే. కథకు ఒక వంశవృక్షం తగిలిస్తేగాని మర్యాద దక్కదనే భయం అన్ని భాషల్లోనూ ఉన్నదే.

1855లో గాలిబ్ లఖ్‌నవీ (మీర్జా గాలిబ్ కాదు, వేరే మనిషి) కలకత్తాలోనే ఇంకో పాఠం అచ్చువేశాడు. 1871లో లక్నోలో అబ్దుల్లా బిల్‌గ్రామీ దాన్నే తీసుకుని, పద్యాలు జోడించి, అసలు రచయిత పేరు ఎత్తకుండా వెలువరించాడు. ఈ రెండోది జనంలోకి బాగా వెళ్లింది. కథ ఊరందరి సొమ్మనుకునే రోజుల్లో దాన్ని దొంగతనం అన్నవాళ్లు లేరు.

గాలిబ్ లఖ్‌నవీ ఈ కథలో నాలుగు సంగతులున్నాయన్నాడు: యుద్ధం, సభావిలాసం, మాయానగరి, ఐయారీ. ఐయారీ అంటే మారువేషం, మత్తుమందు, గూఢచర్యం కలిసిన అమర్ విద్య. పాత లక్నో జీవితాన్ని గ్రంథస్థం చేసిన అబ్దుల్ హలీమ్ షరర్ కూడా నాలుగే చెప్పాడు గాని, మాయానగరి చోట అందం, ప్రేమ అన్నాడు. ఈ తేడా చిన్నదేమీ కాదనుకుంటాను. ఒకరికి కథలో మంత్రం ముఖ్యం, ఇంకొకరికి వలపు. ఒకే సభలో ఈ ఇద్దరూ పక్కపక్కన కూర్చుని ఉంటారు. కత్తి దూయడం ఇష్టమైన సిపాయి, వర్ణన ఇష్టమైన మున్షీ, అమర్ చేసే అల్లరికి పొట్ట చెక్కలయ్యేలా నవ్వే బజారు కుర్రాడు అందరూ ఉంటారు. ఎవరి వాటా వాళ్లకు అందేలా కథ నడపడమే కథకుడి నేర్పు. లక్నోలో వినేవాళ్లు నల్లమందు వేసుకుని కూర్చునే ఆచారం ఉండేది గనక కథకు తొందర లేదు. కథను ఆపి పట్టుకోవడం ఒక విద్య. నాయికానాయకులు కలుసుకోబోతున్నారు, మధ్యలో ఒక తెర ఉంది, ఆ తెర తొలగకుండా దాని నగిషీని, వాళ్ల మనసుల్లోని అలజడిని రోజుల తరబడి వర్ణించి సభను కట్టిపడేసిన ఉస్తాదు గురించి ఇప్పటికీ చెప్పుకుంటారు. మన కాశీమజిలీ కథల్లో యతికి తోడుగా బయలుదేరిన గొల్లపిల్లవాడు మజిలీకొక కథ చెప్పాలని షరతు పెడతాడు. వినేవాడి షరతు మీద నడిచే కథ ఎంత దూరమైనా సాగుతుంది.

1857 ఈ లోకాన్ని చెల్లాచెదురు చేసింది. ఢిల్లీలో జామా మసీదును ఆంగ్లేయులు స్వాధీనం చేసుకుని అయిదేళ్లు తెరవనివ్వలేదు. చుట్టూ ఉన్న ఇళ్లు, బజార్లు కూల్చేశారు. మెట్లమీది కథకులకు చోటు పోయింది. అంతకు ఏడాది ముందే అవధ్ నవాబు రాజ్యం పోగొట్టుకుని కలకత్తా చేరాడు. పోషకులు మిగిలిన రాంపూర్ వంటి చిన్న సంస్థానాలకు కొందరు కథకులు వలసపోయారు. వృద్ధుడైన మీర్జా గాలిబ్ మాత్రం ఆ శిథిలనగరంలోనే ఉండి, 1861లో ఒక మిత్రుడికి ఉత్తరం రాస్తూ, వాన పడుతోందనీ, హంజా కథ పుస్తకమూ బోస్తాన్-ఎ-ఖయాల్ సంపుటమూ చేతికొచ్చాయనీ, గదిలో మద్యం సీసాలకు లోటు లేదనీ, పగలు చదువు, రాత్రి తాగుడుగా గడుస్తోందనీ మురిసిపోయాడు. అంత కష్టకాలంలో ఆయన సంతోషం అది. ఇక్కడ గమనించవలసింది ఆయన చేతిలో ఉన్నది పుస్తకం, ఎదురుగా కథకుడు లేడు.

అల్లకల్లోలం సద్దుమణగని 1858లోనే నవల్ కిశోర్ అనే ఇరవై రెండేళ్ల యువకుడు లక్నోలో అచ్చుకూటం పెట్టాడు. లాహోరులో ఒక పత్రిక దగ్గర పని నేర్చుకుని వచ్చినవాడు. అతనిది రాతి అచ్చు. లేఖకుడు జిడ్డుసిరాతో కాగితం మీద రాసిన దస్తూరీని సున్నపురాయి మీదికి దింపి ముద్రిస్తారు. సీసపు అక్షరాలలో ఇమడని ఉర్దూ రాత వంపులు ఇందులో చెక్కుచెదరవు, ఖర్చూ తక్కువ. ఖురాన్ అచ్చువేసిన ఆ కూటమే హిందూ ధర్మగ్రంథాలూ వేసింది. వ్యాపారం తెలిసిన మనిషి గనక ఏ గిరాకీనీ వదల్లేదు. బిల్‌గ్రామీ పాఠం అక్కడిదే. 1879లో హంజా కథను నాగరి లిపిలో కూడా తెచ్చాడు. ప్రవక్త పినతండ్రి వీరగాథకు పండితుల చేత హిందీ రూపం ఇప్పించి అమ్మితే కొన్నారు, చదివారు. కథకు మతం అంటగట్టే అలవాటు అప్పటికింకా అంతగా లేదు.

అసలు సాహసం ఆ తరవాతది. మెట్లమీదా మహళ్లలోనూ నోటితో చెప్పుకుంటున్న ఉపకథలన్నిటినీ కథకుల చేతనే రాయించి వరసగా వేయాలని నిర్ణయించాడు. మొదట వచ్చింది 'తిలిస్మ్-ఎ-హోష్‌రుబా', స్పృహ తప్పించే మాయానగరి. 1883లో మొదటి సంపుటం. నాలుగు సంపుటాలు మహమ్మద్ హుసేన్ జాహ్ రాశాడు. తగాదా వచ్చి అతను తప్పుకుంటే, మిగిలినవి అహ్మద్ హుసేన్ కమర్ పూర్తిచేశాడు. ఇద్దరూ వృత్తి కథకులే. తరవాత తసద్దుక్ హుసేన్ చేరాడు. ఇరవయ్యో శతాబ్దం మొదటి దశాబ్దాలకల్లా మొత్తం 46 సంపుటాలయ్యాయి. సుమారు 42,000 పెద్ద పేజీలు. ఒక మనిషి ఉద్యోగం మానుకుని చదివినా ఏళ్లు పడుతుంది.

హోష్‌రుబా పేరుకు ఫైజీ పారశీకానికి అనువాదం. నిజానికి లక్నో మట్టిలో మొలిచిన కథ. అఫ్రాసియాబ్ అనే మాంత్రిక చక్రవర్తి పాలించే ఈ నగరిలోకి హంజా మనవడు అసద్ దండెత్తి వస్తాడు. కానీ చాలాభాగం అతను ఖైదులోనే ఉంటాడు. పోరాడేది అమర్, అతని తోటి ఐయార్లు, అఫ్రాసియాబ్‌ను విడిచి ఇటు చేరిన మహ్‌రుఖ్, బహార్ వంటి మంత్రగత్తెలు. బహార్ పూలచెండు విసిరితే శత్రుసేన మత్తెక్కి కవిత్వం చదువుతూ కత్తులు పడేస్తుంది. అవతలి పక్షంలో సర్సర్ అనే ఆడ ఐయార్ అమర్‌కు దీటుగా ఎత్తుకు పైయెత్తు వేస్తుంది. పాత కథలో ఖడ్గం చేసిన పని ఇక్కడ తెలివి, అందం, వేషం చేస్తాయి. రాజ్యాలూ సైన్యాలూ పోగొట్టుకున్న లక్నో శ్రోతలకు వీరుడు బందీగా ఉండి మాయగాళ్లు గెలిచే కథ రుచించడంలో ఆశ్చర్యం లేదు. ఇది నా ఊహే అనుకోండి, కానీ 1857కు ముందరి పాఠాల్లో అమర్ ఇంత పెద్దవాడు కాడు.

అచ్చు పాఠకులను పెంచింది, కొంత పోగొట్టింది కూడా. మెట్లమీది కథకుడు ఎదుటివాడి ముఖం చూసి యుద్ధం తగ్గించి వలపు పెంచగలడు. 900 పేజీల సంపుటం ముఖం చూడలేదు. అందుకే అన్ని రుచులూ నిండుగా, ఒక్కోసారి విసుగు పుట్టేటంతగా అందులో కుక్కారు. పేజీలు తిప్పే స్వేచ్ఛ ఇక చదివేవాడిదయింది.

సంస్కర్తలకు ఈ వేలం వెర్రి గిట్టలేదు. డిప్యూటీ నజీర్ అహ్మద్ 1874 నాటి నవల 'తౌబత్-ఉన్-నసూహ్'లో మారుమనసు పొందిన తండ్రి, పెద్దకొడుకు గదిలోని కథల పుస్తకాలను నిప్పుల పాలు చేస్తాడు. నవల రాసి కథను తగలబెట్టించడం ఆ కాలపు పద్ధతి. మన దగ్గర కూడా వీరేశలింగం కాలం నుంచి ప్రబంధ శృంగారం మీద ఇలాంటి విసుగే కనిపిస్తుంది. అయినా నవల్ కిశోర్ అమ్మకాలు ఆగలేదు.

హిందీ వైపు ఈ సొత్తు దక్కించుకున్నవాడు దేవకీనందన్ ఖత్రీ. కాశీ దగ్గరి చకియా, నౌగఢ్ అడవుల్లో కలప గుత్తేదారుగా తిరిగి, పాడుబడ్డ కోటలు చూసినవాడు. 1888లో వెలువడ్డ 'చంద్రకాంత', ఆ తరవాతి 24 భాగాల 'చంద్రకాంతా సంతతి'లో ఐయార్లున్నారు, మాయానగరి ఉంది. దెయ్యాలూ మంత్రాలూ మాత్రం లేవు. తలుపులు తెరిచేది మర, స్పృహ తప్పించేది మందు, ఇవన్నీ సాధ్యమేనని రచయిత పాఠకుడితో వాదిస్తాడు. రైలెక్కిన, ఇంగ్లీషు బడికి పోయిన కొత్త పాఠకుడికి ఆ మాత్రం నచ్చజెప్పడం అవసరమనుకున్నాడు. వీటిని చదవడం కోసమే ఎందరో నాగరి అక్షరాలు దిద్దారని ప్రతీతి. హిందీ సాహిత్య చరిత్రకారుడు రామచంద్ర శుక్ల, ఇంతమంది పాఠకులను తయారుచేసిన రచయిత ఇంకొకడు లేడని ఒప్పుకుంటూనే, ఇవి సాహిత్యకోటిలోకి రావని తేల్చాడు. 1990లలో దూరదర్శన్‌లో 'చంద్రకాంత' ధారావాహిక వచ్చినప్పుడు హిందీ సరిగా రాని తెలుగు ఇళ్లలో కూడా ఆదివారం పూట టీవీల ముందు పిల్లలు కదలకుండా కూర్చున్నారు. శుక్లగారి తీర్పు వాళ్లదాకా వెళ్లలేదు.

ఈ చరిత్రలో నాకు అందరికంటే ఆసక్తి కలిగించే పాఠకుడు గోరఖ్‌పూర్‌లో చదువుకుంటున్న పదమూడేళ్ల కుర్రవాడు. పేరు ధన్‌పత్‌రాయ్, ఇంట్లో డబ్బుల్లేవు. ఒక పుస్తకాల కొట్టు యజమానితో ఒప్పందం కుదుర్చుకున్నాడు. పాఠ్యపుస్తకాల నోట్సులు తీసుకెళ్లి బడిలో పిల్లలకు అమ్మిపెట్టాలి, బదులుగా కొట్లోని నవలలు ఇంటికి తీసుకెళ్లి చదువుకోవచ్చు. అలా రెండు మూడేళ్లలో వందలకొద్దీ పుస్తకాలు మింగేశాడు. వాటిలో హోష్‌రుబా సంపుటాలు చాలా ఉన్నాయి. అంత కథ ఒక మనిషి ఎలా ఊహించగలిగాడా అని పెద్దయ్యాక కూడా అబ్బురపడుతూ రాసుకున్నాడు. అప్పటికి అతను ప్రేమ్‌చంద్.

అదే ప్రేమ్‌చంద్ 1936 ఏప్రిల్లో లక్నోలో అభ్యుదయ రచయితల మొదటి మహాసభకు అధ్యక్షత వహించి, మాయానగరుల కథలు కేవలం కాలక్షేపమనీ, వాటికి జీవితంతో సంబంధం లేదనీ, సాహిత్యానికి కావలసింది వేరనీ చెప్పాడు. బోస్తాన్-ఎ-ఖయాల్, చంద్రకాంతా సంతతి పేర్లు కూడా ఎత్తాడు. నవల్ కిశోర్ అచ్చుకూటం ఉన్న ఊళ్లోనే ఈ మాట అనడం కాకతాళీయమే కావచ్చు. ఆయన కపటి కాడు. 'గోదాన్' వెలువడ్డ ఏడాది అది, రైతు కష్టం ముందు మాయసంచీ ఆయనకు చిన్నదిగా కనిపించింది. అయినా పల్లెటూరి జనం ఒకరినొకరు ఏడిపించుకునే తీరు, సంభాషణలోంచి కథ నడిపే ఒడుపు ఆయన చేతికి ఎక్కడి నుంచి వచ్చాయో వెతికితే, ఆ అరువు సంపుటాలను పక్కన పెట్టడం కష్టం.

ఆ సభకు ఎనిమిదేళ్ల ముందే, 1928లో, ఢిల్లీలో మీర్ బాకర్ అలీ కన్నుమూశాడు. పాత సంప్రదాయంలో పేరు నిలిచిన కడపటి కథకుడు. యుద్ధం చెబితే ఆ సన్నని మనిషి ఒళ్లు ఉబ్బినట్టు కనిపించేదని చూసినవాళ్లు రాశారు. సినిమాలొచ్చి వినేవాళ్లు పలచబడ్డాక, తన ఇంట్లో టిక్కెట్టు పెట్టి కథ చెప్పాడు. అదీ చాలక వక్కలు అమ్ముకున్నాడు. భారతీయ భాషల సర్వే కోసం చేసిన గ్రామఫోను రికార్డుల్లో అతని గొంతు కొద్దిగా మిగిలింది.

తరవాత చాలాకాలం 46 సంపుటాలూ ఒక్కచోట దొరకడం కూడా గగనమైంది. అలహాబాదులో ఉంటూ తపాలా శాఖలో పనిచేసిన విమర్శకుడు షమ్సుర్ రహమాన్ ఫారూఖీ వాటిని ఒక్కొక్కటిగా సేకరించి, అన్నీ చదివి, వాటి నిర్మాణం మీద ఉర్దూలో పలు సంపుటాల పరిశోధన రాశాడు. నవలను కొలిచే బద్దతో వీటిని కొలవకూడదని, నోటితో చెప్పే కథకు దాని లెక్కలు వేరే ఉన్నాయని ఆయన వాదం. ఆయన ప్రోద్బలంతోనే దగ్గరి బంధువు మహమూద్ ఫారూఖీ 2005లో ఢిల్లీలో తెల్లబట్టలు కట్టుకుని తోటి కథకుడితో పాటు వేదికమీద కూర్చుని హోష్‌రుబా ఘట్టాలు చెప్పడం మొదలుపెట్టాడు. వచ్చినవాళ్లలో చాలామందికి ఆ ఉర్దూ పూర్తిగా అర్థం కాదు. అమర్ మాయసంచి విప్పేసరికి మాత్రం అర్థం కానివాళ్లు కూడా నవ్వారు. ఆ తరవాత ఆ బృందం దేశవిభజన మీద కొత్త కథ కట్టింది, కర్ణుడి మీద కట్టింది. అక్బరు చిత్రశాల కూడా హంజానామా ముగిశాక చేపట్టిన పెద్ద పని మహాభారతం పారశీకానువాదం 'రజ్మ్‌నామా'కు బొమ్మలు వేయడమే.